బకెట్‌ని బొకే చేసిన గొంతు

బకెట్, బొకే. రెండూ మన నోళ్లలో రోజూ నలిగే మాటలే. ఒకటి స్నానాల గదిలో కుళాయి కింద ఉంటుంది, రెండోది పెళ్లి రిసెప్షన్లలో చేతులు మారుతూ ఉంటుంది. ఇంగ్లండులో బకెట్ అన్నది ఇంటిపేరు కూడా. ఆ ఇంటిపేరున్న మనిషిని కట్టుకున్న ఒక ఇల్లాలు, స్పెల్లింగు ముట్టుకోకుండానే దాన్ని ఫ్రెంచి యాసలో ‘బుకే’ అని పలకాలని పోస్ట్‌మాన్ దగ్గర్నుంచి చర్చి ఫాదరీ దాకా అందరి ప్రాణాలూ తోడేస్తుంది. ఈ ఒక్క పట్టుదల మీద బీబీసీలో 1990 అక్టోబర్ 29 నుంచి 1995 క్రిస్మస్ దాకా ఒక సిట్‌కామ్, అంటే హాస్య ధారావాహిక, నడిచింది. ఐదు సిరీస్‌లు, నాలుగు క్రిస్మస్ స్పెషల్స్, అన్నీ కలిపి 44 ఎపిసోడ్లు. పేరు ‘కీపింగ్ అప్ అప్పియరెన్సెస్’. రాసింది రాయ్ క్లార్క్, తీసింది హెరాల్డ్ స్నోడ్. హయసింత్ బకెట్ అనే ఆ ఇల్లాలి వేషం వేసింది పెట్రీషియా రౌట్లెడ్జ్.

ఆవిడ 2025 అక్టోబర్ 3న చిచెస్టర్‌లో, 96వ ఏట పోయారు. ఆవిడ గురించి మాట్లాడేవాళ్లలో ఎప్పటినుంచో రెండు వర్గాలున్నాయి. ఒక వర్గానికి ఆవిడంటే హయసింతే: అరవై దాటాక అదృష్టం కలిసొచ్చి ఇంటింటా తెలిసిపోయిన నటి. రెండో వర్గం వాళ్లు రంగస్థలం తెలిసినవాళ్లు. షేక్‌స్పియర్ ఆడిన, అమెరికా స్వరకర్త బెర్న్‌స్టైన్ సంగీతం పాడిన మనిషిని జనం టీవీ కామెడీ పేరుతో గుర్తుపెట్టుకోవడం అన్యాయమని వాళ్ల బాధ. మొదటి మాట అజ్ఞానం. రెండోది ప్రేమతో చేసిన పొరపాటు, కానీ పొరపాటే. హయసింత్ ఆవిడ జీవితంలో పక్కదారి కాదని, అంతకుముందు 38 ఏళ్లు నేర్చినదంతా ఒకేచోట ఖర్చుపెట్టిన పాత్ర అని ఈ వ్యాసంలో నా వాదన. ముఖ్యంగా అది ఒక గాయని మాత్రమే చేయగల పాత్ర. ఎందుకో వివరంగా చెబుతాను.

ముందు ఆ 38 ఏళ్లు. 1929 ఫిబ్రవరి 17న లివర్‌పూల్‌కి నది అవతల ఉన్న బర్కెన్‌హెడ్‌లో పుట్టారు. తండ్రిది మగవాళ్ల బట్టల దుకాణం. లివర్‌పూల్ యూనివర్సిటీలో ఇంగ్లీషు సాహిత్యం చదివి, 1952లో లివర్‌పూల్ ప్లేహౌస్‌లో వేషం కట్టారు. తర్వాత బ్రిస్టల్ ఓల్డ్ విక్ నాటక పాఠశాలలో శిక్షణ. నటన ఒక పక్క, సంగీతం ఒక పక్క. సంగీత నాటకాల్లో ప్రధాన పాత్ర నిలబెట్టగల గొంతు అది. 1968లో న్యూయార్క్ బ్రాడ్‌వేలో ‘డార్లింగ్ ఆఫ్ ద డే’ అనే మ్యూజికల్ 31 ప్రదర్శనలకే మూతపడింది, కానీ అందులో నాయిక వేషానికి ఆవిడకి టోనీ అవార్డు వచ్చింది, లెస్లీ అగమ్స్‌తో కలిపి. నాటకం పడిపోయాక కూడా నటికి అక్కడి అత్యున్నత బహుమతి ఇచ్చారంటే ఆ పని ఎలాంటిదో ఊహించుకోవచ్చు.

1976లో లెనార్డ్ బెర్న్‌స్టైన్ స్వరపరచిన ‘1600 పెన్సిల్వేనియా అవెన్యూ’ ఇంకా ఘోరంగా పోయింది. ఏడే ఏడు ప్రదర్శనలు. అమెరికా అధ్యక్షుల భార్యలందరి పాత్రలూ రౌట్లెడ్జే. అందులో ఒక పాట ఉంది: పదవి దిగిపోతున్న అధ్యక్షుడి భార్య జూలియా గ్రాంట్, పదవిలోకి వస్తున్న అధ్యక్షుడి భార్య లూసీ హేస్, ఇద్దరూ ఒకే వేదిక మీద వాదులాడుకునే యుగళగీతం. ఇద్దరూ ఈవిడే. ఒక చరణానికి ఒక గొంతు, మరుక్షణం ఇంకో గొంతు. శ్రుతి, యాస, ఒంటి తీరు, అన్నీ రెప్పపాటులో మారాలి. ఈ పాటని గుర్తుపెట్టుకోండి, హయసింత్ టెలిఫోన్ దగ్గరికి వెళ్లినప్పుడు మళ్లీ పనికొస్తుంది.

1980లో న్యూయార్క్ సెంట్రల్ పార్కులో ‘ద పైరేట్స్ ఆఫ్ పెంజాన్స్’ అనే హాస్య ఆపెరా. 1982లో ‘నాయిజెస్ ఆఫ్’ మొట్టమొదటి ప్రదర్శనలో డాటీ ఒట్లీ పాత్ర. తలుపులు, ఫోను, సార్డీన్ చేపల ప్లేటు, వీటి మధ్య సెకను తేడా వస్తే కూలిపోయే ప్రహసనం అది. 1984లో రాయల్ షేక్‌స్పియర్ కంపెనీలో, మూడో రిచర్డ్ నాటకంలో శాపాలు పెట్టే మార్గరెట్ రాణి. 1988లో బెర్న్‌స్టైన్ సంగీత నాటకం ‘కాండీడ్’కి లండన్ రంగస్థలపు లారెన్స్ ఆలివియర్ అవార్డు. ప్రహసనానికి కావలసిన లెక్క, విషాద రాణి ఠీవి, ఆపెరా ఊపిరి, మూడూ ఒకే మనిషిలో సిద్ధంగా ఉన్నాయన్నమాట. 1990లో రాయ్ క్లార్క్ రాత ఆవిడ చేతికొచ్చేనాటికి పరిస్థితి ఇది.

ఇక హయసింత్. ఇంట్లో ఫోన్ మోగుతుంది. తెల్లటి సన్నటి ఫోను, చివరి నంబరు మళ్లీ దానంతటదే తిప్పే సౌకర్యం ఉన్నదని ఆవిడ గర్వం. రిసీవరు ఎత్తేముందు ఒక చిన్న విరామం ఉంటుంది, అక్కడ కళ్లు పెట్టండి. భుజాలు వెనక్కి వెళతాయి, గడ్డం కొంచెం లేస్తుంది, ఊపిరి నిండుతుంది. పాట మొదలెట్టబోయే గాయని చేసే పనులే ఇవన్నీ. అప్పుడొస్తుంది ఆ వాక్యం: బుకే వారి నివాసం, మాట్లాడుతున్నది ఈ ఇంటి యజమానురాలు. ఇంగ్లీషులో ఆ వాక్యం మామూలు మాట స్థాయి కంటే పైన మొదలై, ‘బుకే’ దగ్గర ఇంకో మెట్టు ఎక్కి, చివర్లో సాఫీగా దిగుతుంది. ఎన్ని ఎపిసోడ్లలో విన్నా ఆ మెట్లు అవే. రాగంలో కట్టిన వాక్యం అది.

అవతల ఎవరో తెలియగానే రాగం మారుతుంది. పెద్దింటి మనిషైతే గొంతులో తేనె. చెల్లెలు డెయిజీ అయితే, మున్సిపాలిటీ ఇళ్లలో ఉండే ఆ చెల్లెలి సంగతి పక్కింటికి వినపడకూడదు కాబట్టి, గొంతు ఒక్కసారిగా కిందికి దిగుతుంది, మాటలు గుసగుసగా పరిగెత్తుతాయి. చైనా హోటలు అనుకుని భోజనం ఆర్డరివ్వడానికి ఎవరో తప్పు నంబరు తిప్పితే, ఆ గొంతులోంచి మార్గరెట్ రాణి బయటికొస్తుంది. బెర్న్‌స్టైన్ యుగళగీతంలో ఇద్దరు ఆడవాళ్ల మధ్య దూకినట్టే, ఇక్కడ ఒకే ఆడమనిషి లోపలి ముగ్గురి మధ్య దూకుతున్నారు. అప్పుడు ఆర్కెస్ట్రా ఉంది, ఇప్పుడు లేదు. అంతే తేడా.

ఒకవైపు మాత్రమే వినపడే ఫోను సంభాషణ నటులకి ఎందుకు కష్టమో చెప్పుకోవాలి. అవతలి మనిషి లేడు, అతని మాట ప్రేక్షకుడికి వినపడదు. అతని వాక్యం ఎంతసేపు పడుతుందో నటి తన బుర్రలో లెక్కవేసుకుని, సరిగ్గా అంతే ఖాళీ వదలాలి. తక్కువ వదిలితే అవతల ఎవరూ లేరని తెలిసిపోతుంది. ఎక్కువ వదిలితే సన్నివేశం చస్తుంది. పైగా ఆ ఖాళీలో ముఖం ఊరికే వింటూ ఉంటే చాలదు. అవతలి మాట ఏమిటో ఈ ముఖం మీద చదవగలగాలి.

కొడుకు షెరిడాన్ ఫోన్లు దీనికి మంచి ఉదాహరణ. షెరిడాన్ ఐదేళ్లలో ఒక్కసారి కూడా తెరమీద కనపడడు, గొంతు కూడా వినపడదు. అతనికి డబ్బు కావాలి, తన కర్టెన్లు తనే కుట్టుకునే టార్క్విన్ అనే స్నేహితుడితో కలిసి ఉంటున్నాడు. ఆ స్నేహం ఏ తరహాదో ప్రేక్షకుడికి అర్థమైపోతుంది, భర్త రిచర్డ్‌కి అర్థమైపోతుంది. తల్లికి మాత్రం కొడుకు సున్నితమైన అభిరుచులున్న పిల్లాడు, అంతే. ఆ ఫోన్లలో రౌట్లెడ్జ్ ముఖం మీద ప్రేమ తప్ప ఇంకేమీ ఉండదు. అనుమానపు నీడ ఒక్కటి పడినా ఆ దృశ్యం మోటుగా తయారయ్యేది. ఆవిడ పడనివ్వలేదు.

హయసింత్ తాను నవ్వొచ్చే మనిషినని ఏ క్షణంలోనూ అనుకోదు. హాస్యం అంతా దాంట్లోనే ఉంది. మనకీ సంగతి సూర్యకాంతం గారి వల్ల బాగా తెలుసు. ఆ ఎడమచేతి వాటం, ఆ విసురు, అన్నీ కోడలిని నిజంగానే సాధించడానికే తప్ప మనల్ని నవ్వించడానికి వేసినవి కావు, అందుకే నవ్వొచ్చేది. నటి లోపల్నుంచి కన్నుగీటితే పాత్ర చచ్చిపోతుంది.

ఇప్పుడు పాట సంగతి. రెండో సిరీస్ నుంచి పక్కింటి ఎలిజబెత్ తమ్ముడు ఎమెట్ వస్తాడు. ఊళ్లో ఔత్సాహికుల సంగీత నాటక సమాజానికి దర్శకుడు. తనకి వేషం ఇప్పించమని నోరు తెరిచి అడగడం హయసింత్‌కి తలవంపులు, కాబట్టి అతను కనపడినప్పుడల్లా పాట అందుకుంటుంది. అతను కారు దిగేసరికి గుమ్మంలోంచి ఒక చరణం, కాఫీకి వచ్చి కూర్చుంటే చెవి పక్కన ఇంకో చరణం. ఎమెట్ గోడల వెంట నక్కుతూ ఇంట్లోకి పరిగెత్తుతాడు.

ఆ పాడటం చాలామంది అనుకునేట్టు పాట రానివాళ్లు పాడటం కాదు. పాట రానివాళ్లకి శ్రుతి నిలవదు, ఊపిరి చాలదు, గొంతు గొణుగుతుంది. అది వినడానికి జాలిగా ఉంటుంది, నవ్వు రాదు. హయసింత్ పాటలో ఊపిరి పుష్కలం, ధ్వని మేడ కప్పుకి తగులుతుంది. తప్పంతా అతిలో ఉంది. స్వరాన్ని సూటిగా పట్టుకోకుండా కిందనుంచి జారుకుంటూ పైకెక్కడం, ఎక్కాక అవసరం లేని ఊపుతో దాన్ని వణికించడం, అచ్చుల్ని ఆపెరా తరహాలో గుండ్రంగా, బరువుగా చేయడం, ముందు గదిలో నలుగురి కోసం పాడుతూ రెండువేల మంది కూర్చున్న హాలుకి సరిపడా బలం పెట్టడం. శాస్త్రీయంగా నేర్చుకున్న లక్షణాలే ఇవన్నీ, ఒక్కొక్కటీ రెండింతలు చేసి పెట్టినవి. ఈ కొలత తెలియాలంటే అసలు కొలత ముందు తెలిసి ఉండాలి. పైగా టేకు తర్వాత టేకు అలా పాడితే, ఊపిరి ఆసరా సరిగ్గా పట్టడం రాని గొంతు సాయంత్రానికి బొంగురుపోతుంది.

దీనికి రుజువు ఆవిడ సిట్‌కామ్ నడుస్తుండగానే ఇచ్చారు. 1992 సెప్టెంబర్, అక్టోబర్‌లలో మూడో సిరీస్ ప్రసారమైంది. అదే డిసెంబర్‌లో లండన్ నేషనల్ థియేటర్‌లో ‘కరౌసెల్’ మొదలైంది, నెటీ ఫౌలర్ పాత్రలో రౌట్లెడ్జ్. భర్త చనిపోయిన పిల్లని పొదివిపట్టుకుని ‘యూ విల్ నెవర్ వాక్ అలోన్’ పాడే పెద్దావిడ వేషం అది. లివర్‌పూల్ ఫుట్‌బాల్ మైదానంలో వేలమంది కలిసి పాడుకునే పాట, ఆ ఊరి అవతలి ఒడ్డున పుట్టిన నటి నోట. ఆ పాటకి ఏ అతీ పనికిరాదు. స్వరం సూటిగా, అచ్చు తేటగా, ఊపిరి పొడుగ్గా సాగాలి. టీవీలో ఎమెట్‌ని పరిగెత్తించిందీ, నేషనల్ థియేటర్‌లో ఆ పాట పాడిందీ అదే గొంతు, అవే నెలల్లో. ఒకటి తక్కువ పని, ఒకటి ఎక్కువ పని అనేవాళ్లు ఈ రెండూ పక్కపక్కన పెట్టుకుని ఆలోచించాలి.

సిట్‌కామ్‌ని తక్కువచేసి చూడటానికి ఇంకో కారణం, అది ఎలా తయారవుతుందో తెలియకపోవడం. ఆ రోజుల్లో బీబీసీ పద్ధతి ఇది. బయటి దృశ్యాలన్నీ సిరీస్ మొత్తానికి ముందే ఒక దఫాలో తీసేస్తారు. హయసింత్ ఇంటి ముందు భాగం కవెంట్రీ దగ్గరి బిన్లీ వుడ్స్ అనే ఊళ్లోది, చెల్లెళ్ల ఇల్లు కవెంట్రీలోనే స్టోక్ ఆల్డర్‌మూర్‌లోది. ఆ తర్వాత వారానికో ఎపిసోడ్ చొప్పున రిహార్సల్. హాల్లో సెట్టు ఉండదు. నేలమీద రంగు టేపు అంటించి ఇక్కడ గోడ, ఇక్కడ సోఫా అని గుర్తులు పెడతారు, తలుపులున్నచోట కర్రలు నిలబెడతారు. మొదటిరోజు అందరూ కూర్చుని చదవడం, ఆపైన నడకలు కట్టడం, పుస్తకం వదిలేయడం. వారం చివరికి కెమెరా, లైటు, సౌండు వాళ్లు వచ్చి ఒకసారి చూసిపోతారు. రికార్డింగు రోజున పగలంతా స్టూడియోలో కెమెరాలతో అభ్యాసం, సాయంత్రం దుస్తులతో పూర్తి రిహార్సల్, రాత్రికి సుమారు మూడువందల మంది ప్రేక్షకుల ఎదుట అసలు రికార్డింగు. ముందే తీసిన బయటి దృశ్యాలని వాళ్ల తలల పైనున్న టీవీల్లో చూపించి, వాటికొచ్చే నవ్వుని కూడా పట్టుకుంటారు.

ఇందులో నటికి ఎదురయ్యే చిక్కు ఏమిటంటే, ఆవిడకి ఒకేసారి ఇద్దరు ప్రేక్షకులు. పది గజాల దూరంలో బెంచీల మీద కూర్చున్నవాళ్లకి గొంతు అందాలి. అదే సమయంలో కెమెరా ముఖం మీదే ఉంటుంది, రేపు ఇంట్లో చూసేవాళ్లకి కనురెప్ప కదలిక కూడా కనపడుతుంది. నాటకాల నుంచి వచ్చినవాళ్లు బెంచీలకోసం ఆడి తెరమీద అరుస్తున్నట్టు కనపడతారు. సినిమా నుంచి వచ్చినవాళ్లు కెమెరాకోసం ఆడితే, బెంచీలు నవ్వవు, దృశ్యం చల్లారిపోతుంది. రౌట్లెడ్జ్ దీన్ని పాత్రలోకే మళ్లించారు. హయసింత్ గొంతు ఎప్పుడూ సభకి మాట్లాడుతున్నట్టే ఉంటుంది కాబట్టి బెంచీలకి అందుతుంది. ముఖం మాత్రం మర్యాదలో బిగుసుకుని ఉంటుంది, పళ్లు కనపడే ఆ నవ్వు కదలదు. కదిలేవి కళ్లు. కెమెరాకి అవి చాలు.

రెండో చిక్కు, నవ్వు పడే తీరు. నవ్వు లేస్తుంది, శిఖరం చేరుతుంది, దిగుతుంది. శిఖరం దాటి దిగుతుండగా తర్వాతి మాట వేయాలి. లేస్తున్నప్పుడే మాట్లాడితే నవ్వు తెగుతుంది, ఆ మాట కూడా ఎవరికీ వినపడదు. అలా రెండుసార్లు జరిగితే ప్రేక్షకులు మాటలు పోతాయని భయపడి నవ్వడం తగ్గించేస్తారు. పూర్తిగా ఆగేదాకా కాచుకుంటే సన్నివేశం నడక దెబ్బతింటుంది. ఆ రెండు మూడు సెకన్లు పాత్రలోనే ఉండి ఏదో ఒకటి చేయాలి. హయసింత్ టోపీ సరిచేసుకుంటుంది, చేతి తొడుగు లాక్కుంటుంది, కిటికీ వైపు చూస్తుంది. తప్పు జరిగి మళ్లీ తీస్తే, అదే జనం రెండోసారి అంత నవ్వరు. అందుకే మొదటి టేకులోనే పడాలన్న ఒత్తిడి. బయట తీసిన దృశ్యాల్లోనైతే నవ్వే జనమే లేరు. ఎంత నవ్వొస్తుందో ఊహించి ఖాళీ వదలాలి. చెల్లెలి ఇంటి ముందు పాడుబడ్డ కారులోంచి కుక్క మొరగగానే హయసింత్ పొదలోకి ఎగిరిపడుతుంది కదా, ఆ తర్వాత లేచి, ఎవరైనా చూశారా అని అటూ ఇటూ చూసి, ముత్యాల దండ సర్దుకునే ఆ కాస్త సమయం ఉత్తి హుందాతనం కోసం పెట్టింది కాదు. నెలల తర్వాత స్టూడియోలో రాబోయే నవ్వుకి అక్కడ చోటు కట్టి పెట్టారు.

కాఫీ దృశ్యాల గురించి రాయకపోతే జోసెఫీన్ ట్యూసన్‌కి అన్యాయం చేసినట్టు. పక్కింటి ఎలిజబెత్‌ని హయసింత్ కాఫీకి పిలుస్తుంది, పిలవడం అంటే ఆజ్ఞ. చేత్తో అద్దిన నీలి పూల రాయల్ డౌల్టన్ పింగాణీ కప్పు చేతికిచ్చి, జాగ్రత్త అంటుంది. ఆ మాటతోనే ఎలిజబెత్ వేళ్లు వణకడం మొదలవుతుంది. కప్పు సాసరు మీద టకటకలాడుతుంది, కాఫీ ఒలుకుతుంది, బిస్కట్టు విరుగుతుంది. ఇక్కడ పని అంతా ట్యూసన్‌ది. రౌట్లెడ్జ్ చేసేది చూడటం ఒక్కటే, కప్పు మీదినుంచి కళ్లు తీయకుండా, దయగా. కోప్పడితే దృశ్యం ముందుకి పోదు. ఆ దయే ఎలిజబెత్ చేతుల్ని ఇంకా వణికిస్తుంది. తాను ఏమీ చేయకుండా ఎదుటి నటికి నవ్వు అందించడం ప్రధాన నటులకి అంత తేలిగ్గా వచ్చే విద్య కాదు. ప్రహసనాలు ఆడినవాళ్లకే అది అబ్బుతుంది.

మిగతా బృందం కూడా అలాంటిదే. భర్త రిచర్డ్‌గా వేసిన క్లైవ్ స్విఫ్ట్ షేక్‌స్పియర్ కంపెనీ నుంచి వచ్చినవారు. రెండో సిరీస్ నుంచి చెల్లెలు రోజ్‌గా వేసిన మేరీ మిల్లర్ లండన్‌లో ‘ద ఫాంటమ్ ఆఫ్ ద ఆపెరా’ తొలి బృందంలో గాయని. కారులో వెళ్తున్నప్పుడు ఎక్కడో ఫుట్‌పాత్ మీద నడిచే మనిషిని చూసి హయసింత్, ‘మనిషి, రిచర్డ్, చూసుకో’ అంటుంది. చూస్తూనే ఉన్నానని అతను అలిసిన గొంతుతో జవాబిస్తాడు. ఆ జవాబు ప్రతిసారీ అంతే నెమ్మదిగా రాకపోతే ఆవిడ హెచ్చరిక పాట అవదు.

ఈ ధారావాహిక మీద ఉన్న పెద్ద అభ్యంతరం ఇక్కడే వస్తుంది: ప్రతి ఎపిసోడూ ఒకటే కదా అని. నిజమే. ఫోను, పోస్ట్‌మాన్, కాఫీ, కారు, చెల్లెళ్ల ఇల్లు, పెద్దవాళ్ల ముందు పరువు పోవడం. ఐదేళ్లూ అవే. కథగా చూస్తే ఇది లోపమే, దాన్ని కాదనను. కానీ పాట వినే చెవితో చూస్తే వేరుగా ఉంటుంది. మన కచేరీలో పల్లవి ఒకే పంక్తి, విద్వాంసురాలు దానిమీద సంగతి మీద సంగతి వేస్తుంది. పంక్తి మారలేదని ఎవరూ లేచి వెళ్లరు, ఈసారి ఎక్కడ మలుపు తిప్పుతుందోనని చెవి రిక్కిస్తారు. హయసింత్ ఫోను పల్లవి. ఆ వాక్యం మనకి కంఠతా వచ్చేశాక, అది సగంలో తెగినా, భయంతో గబగబా వచ్చినా, పడుకుని లేచిన గొంతుతో వచ్చినా ఆ తేడాయే హాస్యం. భాష పూర్తిగా రానివాళ్లకి కూడా ఇది అందుతుంది. 2016లో వచ్చిన లెక్క ప్రకారం బీబీసీ కార్యక్రమాలన్నిటిలోకీ విదేశీ చానళ్లకి ఎక్కువసార్లు అమ్ముడైంది ఇదే, దాదాపు వెయ్యిసార్లు. ఇంగ్లండు మధ్యతరగతి యాసల తేడాలు తెలియని దేశాల్లో ఇంతగా ఆడటానికి ఈ రాగమే కారణమని నా నమ్మకం. అదే సంవత్సరం హయసింత్ పడుచు వయసు కథగా ఇంకో నటితో ఒక ఎపిసోడ్ తీశారు. ఒక్కదానితోనే ఆగిపోయింది.

అయితే రౌట్లెడ్జ్ ఏమిటో తెలియాలంటే హయసింత్ ఒక్కటే చూస్తే చాలదు. ఆ మనిషి చీకటి కవల ఒకతి ఉంది. 1982లో అలన్ బెనెట్ ఆవిడ కోసం ఒక్క మనిషి మాట్లాడే టీవీ నాటకం రాశారు, ‘ఎ వుమన్ ఆఫ్ నో ఇంపార్టెన్స్’. ఆఫీసులో తానే అందరికీ దిక్కనుకునే ఒక ఉద్యోగిని ఆసుపత్రి పాలవుతుంది. తర్వాత 1988లో, అదే రచయిత ‘టాకింగ్ హెడ్స్’ వరుసలో ‘ఎ లేడీ ఆఫ్ లెటర్స్’. ఐరీన్ రడక్ అనే ఒంటరి ఆడమనిషి, కిటికీ దగ్గర కూర్చుని లోకంలోని తప్పులన్నిటి మీదా ఫిర్యాదుల ఉత్తరాలు రాస్తూ ఉంటుంది. ఎదురింటి దంపతులు బిడ్డని పట్టించుకోవడం లేదని రాస్తుంది. నిజానికి ఆ బిడ్డ జబ్బుతో ఆసుపత్రిలో ఉండి చనిపోతుంది. ఉత్తరాలు రాయడం మానకపోవడంతో చివరికి ఐరీన్ జైలుకెళ్తుంది. అక్కడ, తోటి ఖైదీల మధ్య, జీవితంలో మొదటిసారి సంతోషంగా ఉంటుంది.

కుర్చీ, కిటికీ, ఒక ముఖం, అరగంట. ఎదురు నటుడు లేడు, నవ్వే ప్రేక్షకుడు లేడు. పొరుగువాళ్ల మీద కన్ను, మర్యాద మీద పట్టు, తాను చేసేది మంచేనన్న నిశ్చయం, అన్నీ హయసింత్‌వే. తేడా ఒక్కటే: హయసింత్‌కి రిచర్డ్ ఉన్నాడు, ఎలిజబెత్ ఉంది, భరించే మనుషులున్నారు. ఐరీన్‌కి ఎవరూ లేరు. కాస్త ఇటుగా జరిగితే హయసింత్ కూడా కిటికీ దగ్గర కలం పట్టుకుని కూర్చునే మనిషేనని ఇది చూశాక అర్థమవుతుంది. ఆ తర్వాత ఏ ఎపిసోడ్ చూసినా, నవ్వు వెనకాల ఆవిడ పడుతున్న భయం కనపడుతుంది. హాస్యం తగ్గదు, లోతు పెరుగుతుంది. 1985లో మొదలైన హాస్యనటి విక్టోరియా వుడ్ టీవీ షోలో ‘కిట్టీ’ అనే పేరుతో చేసిన ఏకపాత్రలు ఈ రెంటికీ మధ్య మెట్టు. చీడిల్ ఊరి ఆడమనిషి కుర్చీలో కూర్చుని, లోకం గురించి తన తీర్పులు కెమెరాకి చెబుతుంది. బెనెట్ నిశ్శబ్దం, క్లార్క్ నవ్వు, రెండూ కిట్టీ దగ్గర కలుస్తాయి.

1991లో బ్రిటిష్ కామెడీ అవార్డుల్లో ఉత్తమ నటి, 1992, 1993ల్లో బ్రిటిష్ సినిమా, టీవీ అవార్డులైన బాఫ్టాలకి నామినేషన్లు. ఇంకా ఎన్నేళ్లైనా నడిచే స్థితిలో ఉండగా, 1995 తర్వాత ఆవిడే వద్దన్నారు. ‘అయ్యో ఇంకా కొన్ని చేస్తే బాగుండు’ అని జనం అనుకుంటుండగానే వెళ్లిపోయే హాస్యనటుడు రోనీ బార్కర్ పద్ధతి తనకి నచ్చిందని, రాతలో పాత ఊహలే తిరిగొస్తున్నాయని తర్వాత ఇంటర్వ్యూల్లో చెప్పారు. ఆవిడ నిర్ణయం నూటికి నూరుపాళ్లు సరైనది. సంగతులకి కూడా ఒక హద్దుంది. చివరి సిరీస్‌లో కొన్ని దృశ్యాలు పాత మలుపుల్నే మళ్లీ తిప్పాయి, వాటిని నిలబెట్టడానికి గొంతు ఒక్కటే పనిచేసింది. ఇంకో రెండేళ్లు సాగి ఉంటే మనం ఇవాళ ఈ 44నీ ఇంత ఇష్టంగా చూసేవాళ్లం కాదు.

1996లో ‘హెటీ వెయిన్‌త్రాప్ ఇన్వెస్టిగేట్స్’ మొదలుపెట్టారు. ల్యాంకషైర్‌లో, వయసు మళ్లాక అపరాధ పరిశోధన మొదలెట్టే ఇల్లాలు. హయసింత్ దాచుకున్న ఉత్తర ఇంగ్లండు యాసని హెటీ దర్జాగా మాట్లాడుతుంది. కథలు నిదానంగా నడుస్తాయి, అన్నీ గొప్పవి కావు, కానీ వరసగా రెండూ చూస్తే ఒకే నటి గొంతు ఎంత దూరం ప్రయాణించగలదో తెలుస్తుంది. ఎనభై ఏళ్లు దాటాక, రెండో ప్రపంచ యుద్ధకాలంలో లండన్ నేషనల్ గ్యాలరీలో మధ్యాహ్న కచేరీలు నడిపిన పియానో విదుషి మైరా హెస్ మాటల్ని చదువుతూ, పక్కన పియానిస్టు పియర్స్ లేన్ వాయిస్తుండగా, ఊరూరా ఒక కార్యక్రమం చేశారు. 2017లో ఆవిడకి డేమ్ బిరుదు (మగవాళ్లకిచ్చే ‘సర్’ లాంటిది) ఇచ్చారు.

కొత్తగా చూడబోయేవాళ్లు మొదటి సిరీస్ ఆరు ఎపిసోడ్లతో మొదలుపెట్టండి. రోజ్‌గా అప్పుడు షర్లీ స్టెల్‌ఫాక్స్ వేశారు, అది చూసి కంగారుపడకండి. ఆ వెంటనే రెండో సిరీస్‌కి వెళ్లకుండా, మధ్యలో ‘ఎ లేడీ ఆఫ్ లెటర్స్’ చూడండి. తర్వాత ఎమెట్ వచ్చే ఎపిసోడ్లు. అక్కడ ఒక పని చేయండి: ఫోను మోగగానే కళ్లు మూసుకుని వినండి. భుజాలు, టోపీ, పూల గౌను ఏవీ కనపడవు. రిసీవరు ఎత్తిన చప్పుడు, ఊపిరి తీసుకున్న చప్పుడు, ఆ వాక్యం మెట్లెక్కడం మాత్రం వినపడతాయి.